బొద్దింకలు లేని భవనం

ఆ భవనంలో బొద్దింకలు లేవు. ఈ సంగతి నివాసుల సంక్షేమ సంఘం సర్వసభ్య సమావేశంలో ఏకగ్రీవంగా తీర్మానమైంది. తీర్మానాన్ని అందంగా రాయించి, ఫ్రేము కట్టించి, మెట్ల దగ్గర గోడకు తగిలించారు. ఆ ఫ్రేము వెనక కొన్ని కాపురం ఉంటున్న మాట నిజమే గానీ, అవి సంఘంలో సభ్యత్వం తీసుకోలేదు కనుక తీర్మానం వాటికి వర్తించదు.

లేని ఈ బొద్దింకలకు చక్కటి దినచర్య ఒకటుంది. దాన్ని క్షుణ్ణంగా ఎరిగినవాడు సంఘం అధ్యక్షుడే. ఆయన ఒక పెద్ద కార్యాలయంలో హాజరు చూసే అధికారి. ఎవరు ఎప్పుడొచ్చారు, టీకి వెళ్ళినవాడు ఎందుకు తిరిగి రాలేదు, కోటు కుర్చీకి వేలాడుతుంటే కోటులోని మనిషి ఏ సినిమాహాల్లో ఉన్నాడు, ఇవి కనిపెట్టడమే ఆయన వృత్తి. ఇంటికొచ్చాక కూడా ఆ కన్ను ఊరుకునేది కాదు.

పగలంతా అవి ఫ్రిజ్జు మోటారు వెనక వెచ్చదనంలోనో, గోడగడియారం వెనకో, సింకు కింది చెక్క పగులులోనో తలదాచుకుంటాయి. వీపు ఒక పక్కకు, పొట్ట ఇంకో పక్కకు ఆనుకునేంత ఇరుకుంటే తప్ప వాటికి నిద్రపట్టదు. దీపం ఆరి, ఇంట్లో మాటలు సద్దుమణిగాక విధుల్లోకి దిగుతాయి. ముందు మీసాలు బయటికొస్తాయి. పరిస్థితి అనుకూలంగా ఉందని మీసాలు నివేదించాక మిగతా శరీరం వస్తుంది. మొదట నీళ్ళు, తరువాత తిండి. తిండి దగ్గర ఏ పట్టింపులూ లేవు. రొట్టెపొడి, సబ్బుముక్క, పుస్తకం అట్టకు పూసిన జిగురు, కత్తిరించి పారేసిన గోళ్ళు, అన్నీ సమానమే. ఒకటి నడిచిన దారినే మిగతావీ నడుస్తాయి. మధ్యలో ఎవరైనా లైటు వేస్తే సభ వాయిదా పడుతుంది.

ఈ క్రమశిక్షణ చూసి అధ్యక్షుడు ముచ్చటపడేవాడు. తన సిబ్బందిలో ఒక్కడికైనా ఈ వేళాపాళా ఉంటే దేశం ఎక్కడో ఉండేదని నిట్టూర్చేవాడు. పగలంతా కుర్చీలో ఇరుక్కుని విశ్రాంతి తీసుకోవడం, దీపాలు ఆరాక వంటింట్లో డాక్టరు వద్దన్న తీపి ముక్క కోసం తడుముకోవడం, భార్య లైటు వేయగానే గోడవారగా జారుకోవడం, ఈ దినచర్య తనది కూడానని మాత్రం ఆయనకు ఎన్నడూ తట్టలేదు. అంతటి పరిశీలకుడు ఆయన.

లేని బొద్దింకలకు మందు కొట్టించక తప్పదు గదా. అయితే మందు కొట్టేవాడు బాహాటంగా ఏ గుమ్మం ముందు నిలబడితే ఆ ఇంటి పరువు గంగలో కలిసినట్టే. అందుకని ఆ భవనంలో ఒక మర్యాద ఏర్పడింది. మందు మనిషి ఒక ఇంటికి ఫ్రిజ్జు బాగుచేసేవాడిగా వచ్చేవాడు. ఇంకో ఇంటికి ఫొటోలు తీసేవాడిగా, మరికొన్ని ఇళ్ళకు చుట్టంగా వచ్చేవాడు. అధ్యక్షుడి ఇంటికి ఆయన భార్యకు పినతల్లి కొడుకు వరసలో వచ్చేవాడు. మందు డబ్బా సూట్‌కేసులో ఉండేది. "తమ్ముడొచ్చాడు" అని ఆవిడ మెట్లమీద నలుగురికీ వినపడేలా చెప్పి లోపలికి తీసుకెళ్ళి తలుపేసేది. పాపం, అంతమంది చుట్టాలున్న మనిషి ఇంకొకడు లేడు.

మందు పడగానే బొద్దింకలు చచ్చిపోవాలన్న నియమమేమీ లేదు. బుద్ధున్నవి నీటి గొట్టాల సందు పట్టుకుని పక్కింటికి వెళ్ళేవి. పక్కింట్లో ఫొటోలు తీసేవాడు రాగానే సంసారంతో సహా ఇంకో ఇంటికి మారేవి. ఇలా అందరి ఇళ్ళూ తిరిగి చివరికి అవి కింది అంతస్తులో, మెట్ల వెనక గదిలో స్థిరపడేవి. ఆ ఇంటికి చుట్టాలెవరూ రారు. అందులో ఉండేది బట్టలు కుట్టుకు బతికే ఒంటరి మనిషి. భవనంలోని కర్టెన్లు, దిండు గలేబులు, పిల్లల స్కూలు చొక్కాలు అన్నీ ఆవిడ చేతి మీదుగా వచ్చినవే. అందరూ ఆవిణ్ణి టైలరమ్మ అనేవారు. ఆవిడ అధ్యక్షుణ్ణి అన్నయ్యగారూ అని పిలిచేది.

ఇలా సుఖంగా సాగుతుండగా ఒక సెలవురోజు పట్టపగలు, నీళ్ళ పంపు చెడిపోయి నివాసులంతా మెట్ల దగ్గర గుమికూడి ఉన్న సమయంలో, ఒక బొద్దింక మెట్ల మీదుగా దిగుతూ వచ్చింది. దానికి తొందరేమీ లేదు. పెద్దమనిషి తరహాలో మెట్టు మెట్టుకూ ఆగి, మీసాలు దువ్వుకుంటూ, అందరి కళ్ళముందు నుంచి దాటి కింది అంతస్తుకేసి పోయింది.

అందరికంటే వెనక, పై మెట్టుమీద నిలబడినవాడు అధ్యక్షుడొక్కడే. అది తన గుమ్మం కింది సందులోంచి రావడం తన కళ్ళతో చూశాడు. పైగా శాస్త్రం తెలిసినవాడు. రాత్రి తిరగవలసినది పగలు తిరుగుతోందంటే లోపల చోటు చాలడం లేదని అర్థం. తన ఇంట్లో ఎంత జనాభా ఉందో తలుచుకునేసరికి ఆయనకు చెమట పట్టింది. తేలు కుట్టిన దొంగలా నిలబడి, పంపు గురించి ఒక ప్రశ్న అడిగాడు.

రాత్రి పూట కనిపించినదాన్ని లేదనుకోవచ్చు. పగలు, అదీ అందరూ చూసినదాన్ని ఏం చేయాలి? అది ఎవరిదో ఒకరిది కావాలి. ఆ సాయంత్రమే అత్యవసర సమావేశం జరిగింది. కార్యదర్శిగా ఉన్న విశ్రాంత లెక్కల మాస్టారు విషయాన్ని తర్కబద్ధంగా తేల్చారు. ఏ ప్రాణి అయినా చివరికి ఎటు పోతుంది? ఇంటికే పోతుంది. అది ఎటు పోయింది? కిందికి పోయింది. కాబట్టి దాని ఇల్లు కిందే ఉంది. అది పైనుంచి వచ్చింది కదా అన్న సందేహం ఒకరిద్దరికి వచ్చింది గానీ, పైన అందరికీ ఇళ్ళున్నాయి కనుక ఎవరూ బయటికి అనలేదు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకునేంత అమాయకులు ఆ భవనంలో లేరు.

టైలరమ్మను పిలిపించారు. వేలికి తొడుగు కూడా తీయకుండా వచ్చి నిలబడింది. మాస్టారు ఆవిణ్ణి సూటిగా అడిగారు, మీ ఇంట్లో బొద్దింకలున్నాయా అని.

"ఉన్నాయండి" అంది.

సంఘం పుట్టాక ఆ గోడల మధ్య అలాంటి మాట ఎవరూ విని ఎరగరు. ఆవిడ మాత్రం అదేదో వాన పడిందన్నంత మామూలుగా చెప్పుకుపోయింది. రోజూ కడుగుతుందట, గుడ్డపీలికలు ఏ రోజువి ఆ రోజే బయట పారేస్తుందట, అయినా ఎక్కణ్ణుంచి వస్తున్నాయో తెలియడం లేదట. తన మూలంగా అందరికీ ఇబ్బంది కలిగితే క్షమించమంది. చివరికి అధ్యక్షుడి వైపు తిరిగింది.

"అన్నయ్యగారూ, మీ ఇళ్ళల్లో ఒక్కటి కూడా లేదంటున్నారు. మీరంతా ఏం చేస్తారో నాకూ చెప్పండి, నేనూ అదే చేస్తాను."

ఆ మాటకు అందరూ ఎవరి గోళ్ళు వారు చూసుకున్నారు. అధ్యక్షుడి నోటిదాకా నిజం వచ్చింది. "అమ్మా, అది మాదే" అంటే సరిపోయేది. కానీ ఆ వెంటనే తన పేరు పక్కన 'మాజీ' అన్న మాట, మెట్లమీద నవ్వులు, పినతల్లి కొడుకు సూట్‌కేసు, అన్నీ వరసగా కనిపించాయి. గొంతు సవరించుకుని లేచాడు. పరిశుభ్రత అనేది బయటి విషయం కాదనీ, అది అంతరంగానికి సంబంధించిందనీ, వ్యక్తి శ్రేయస్సు కంటే సమష్టి శ్రేయస్సు మిన్న అనీ, కఠిన నిర్ణయాలు తీసుకునేటప్పుడు అందరికంటే ఎక్కువ బాధపడేది నాయకుడేననీ సెలవిచ్చాడు. కళ్ళు కూడా కాస్త చెమర్చాయి. చప్పట్లు బాగానే పడ్డాయి. టైలరమ్మ కూడా కొట్టింది, తన గురించేనని ఆవిడకు ఇంకా అర్థం కాలేదు.

గది యజమాని ఎక్కడో దూరాన ఉంటాడు, సంఘం మాటే ఆయనకు వేదవాక్కు. నెల తిరక్కుండా ఖాళీ చేయమని కబురొచ్చింది.

ఆ కబురొచ్చిన రాత్రి భోజనాల దగ్గర అధ్యక్షుణ్ణి భార్య అడిగింది. "ఏమండీ, లోపల్నుంచి నేనూ చూశాను, అది మన గుమ్మంలోంచే కదా బయటికెళ్ళింది?"

"మన గుమ్మంలోంచి వెళ్ళినంత మాత్రాన మనదెలా అవుతుంది? పోస్టుమాను కూడా మన గుమ్మంలోంచే వెళతాడు."

ఆవిడ పళ్ళెం తీసుకుని వంటింట్లోకి వెళ్ళి చాలాసేపు సింకు తోముతూ కూర్చుంది. ఆయనకు ఆ పూట అన్నం సహించలేదు. మనసు బాగా లేదని తెలుసు, దానికి కారణం కూడా తెలుసు. కారణం తెలిసినప్పుడు మనలాంటి వాళ్ళం ఏం చేస్తామో ఆయనా అదే చేశాడు, అజీర్తికి మాత్ర వేసుకున్నాడు.

సామాను తరలించే రోజున అధ్యక్షుడు స్వయంగా దిగివచ్చి కుట్టుమిషను బల్లకు ఒక పక్క చెయ్యి పట్టాడు. నలుగురూ చూశారు. ఎంత సహృదయుడో అనుకున్నారు, ఆయన కూడా అనుకున్నాడు. టైలరమ్మ వ్యాను ఎక్కే ముందు ఆయనకు ఒక పొట్లం అందించింది. అందులో ఆయన ఇంటి కర్టెన్లున్నాయి, అంచులు నీటుగా మడిచి కుట్టి, ఇస్త్రీ చేసి ఉన్నాయి.

"మీరొక్క మాట సాయం చేస్తారనుకున్నానండి" అంది. ఈసారి అన్నయ్యగారూ అనలేదు. ఆ లోటు ఆయనకు వ్యాను మలుపు తిరిగాక తెలిసింది. సిగ్గుతో చెవులు వేడెక్కాయి. అలాంటి సిగ్గు రెండోసారి రాకుండా ఉండేందుకు, ఆ తరువాత కొన్నాళ్ళపాటు ఆయన మెట్ల వెనక గది వైపు చూడటం మానేశాడు.

సంఘం ఆయనకు శాలువా కప్పి అభినందన తెలిపింది. బొద్దింకల నిర్మూలన సంపూర్ణమైందని ప్రకటించింది. కింద ఆశ్రయం పోయిన కుటుంబాలు గొట్టాల సందు పట్టుకుని సొంత ఇళ్ళకు క్షేమంగా చేరుకున్నాయి. మందు మనిషి ఆ నెలలో ఇద్దరు కొత్త అక్కలను సంపాదించుకున్నాడు.

ఖాళీ గది అద్దెకు అడుగుతూ ఒక కుటుంబీకుడు వచ్చాడు. బ్యాంకు ఉద్యోగి, ఇస్త్రీ మడత చెదరని మనిషి. అధ్యక్షుడి హాల్లో కార్యవర్గం ఆయన్ను కూర్చోబెట్టి కాఫీ ఇచ్చి, సంఘం ఆశయాలు వివరిస్తోంది. కొత్త కర్టెన్లలోంచి పగటి వెలుతురు ధారాళంగా పడుతోంది. ఆ వెలుతురులో గోడగడియారం వెనక నుంచి ముందు మీసాలు, తరువాత శరీరం వచ్చాయి. అది గోడ దిగి, బల్ల ఎక్కి, నేరుగా అతిథి కాఫీకప్పు దగ్గరికి వచ్చి ఆగింది. మాస్టారు పైకప్పు చూశారు. ఇన్నాళ్ళు కాపాడుకున్నదంతా ఆ సాసరు అంచున నిలబడి ఉంది.

అతిథి దాన్ని చూశాడు. కప్పూ సాసరూ కలిపి మర్యాదగా పైకెత్తి, అది దాటిపోయేదాకా పట్టుకుని, మళ్ళీ కింద పెట్టాడు.

"మీ ఇంట్లో బొద్దింకల బెడద ఏమైనా...?" అడిగాడు అధ్యక్షుడు.

"అబ్బే, లేవండి. మా వంశంలోనే లేవు. ఇక్కడా లేవని విన్నాను, అందుకే వచ్చాను."

కార్యవర్గం మొత్తం ఒక్కసారి వెనక్కి వాలి కూర్చుంది. ఇంకేమీ అడగకుండానే గది ఆయనకు ఖాయం చేశారు. అధ్యక్షుడు లేచి ఆయన చెయ్యి రెండు చేతులతో పట్టుకున్నాడు, చాలాకాలానికి సొంత మనిషి దొరికినట్టనిపించింది.

మూడో అంతస్తులో ఇంకో వాటా ఖాళీ కాబోతోంది. అందులో ఉన్నావిడ మొన్న మెట్లమీద ఎవరితోనో మాట్లాడుతూ, ఇంట్లో ఒకటి కనిపించిందని నోరు జారిందట. గాలీ వెలుతురూ బాగుంటాయి, ఇరుగుపొరుగు ఉత్తములు. మీ ఇంట్లో ఎలాగూ లేవు కదా, ఒకసారి వచ్చి చూసుకోండి.