మకార్ అనే పేరు ఖాళీ లేదు

మనిషి పుట్టడానికి తొమ్మిది నెలలు చాలు. పుట్టినవాడికి ఫలానా పేరు ఉండవచ్చునని తేలడానికి మాత్రం ఒక ప్రభుత్వం, ఆ ప్రభుత్వానికి ఒక విభాగం, ఆ విభాగానికి ఒక అధిపతి, ఆ అధిపతి టీ తాగడానికి ఒక విరామం కావాలి. ఈ నాలుగూ మా స్తారోబోర్స్క్‌లో ఉన్నాయి. మాది అడవిలో పడి ఉన్న ఊరని మాస్కోవాళ్ళు నవ్వుతుంటారు గానీ, వాళ్ళ అజ్ఞానానికి నేను జాలిపడతాను.

సంగతేమిటంటే, పాతకాలపు రష్యన్ పేర్లు అంతరించిపోతున్నాయని పైవాళ్ళకు బెంగ పుట్టింది. ప్రొకోప్‌లు, పఫ్నూతీలు సమాధుల మీద తప్ప కనబడడం లేదట. బెంగ పుట్టాక విభాగం పుట్టకుండా ఉంటుందా? పుట్టింది. దాని పేరు 'సంప్రదాయ నామ సంరక్షణ, సమర్థన విభాగం'. విలువైన వస్తువును ఎవరికి పడితే వారికి ఇవ్వరు కదా! కాబట్టి బిడ్డకు పాత పేరు పెట్టదలచినవారు ఆ పేరు అర్థమూ చరిత్రా ఋజువు చేసి, అర్హత సంపాదించి, అప్పుడు పెట్టుకోవాలి. పరదేశపు పేర్లకు ఈ బాదరబందీ లేదు. వాటిలో కాపాడవలసింది ఏమీ లేదు గనక, రెండో కిటికీ దగ్గర ముద్ర మీద సిరా ఆరేలోపు ఇచ్చేస్తారు. (విభాగం తెరిచినప్పటి నుంచి మా ఊళ్ళో కెవిన్‌లూ ఒలివర్‌లూ పెరిగారన్నది నిజమే. సంరక్షణ ఇంకా బిగించాలనడానికి అదే నిదర్శనమట.)

మా పై అంతస్తులో ఉండే ఉల్యానాకు ఫిబ్రవరిలో కొడుకు పుట్టాడు. ఆమె భర్త గ్లేబ్ ఉత్తరాన గ్యాస్ బావుల దగ్గర పని మీద ఉన్నాడు. నెల అక్కడ, నెల ఇక్కడ. ఇంట్లో మిగిలింది ఉల్యానా, పసివాడు, ఆమె తాత మకార్ సవ్వతీచ్. తొంభై దాటిన మనిషి. ఎండాకాలం కూడా ఉన్ని బూట్లు విప్పడు. జీవితమంతా అడవిలో దుంగలు కొట్టి, ఇప్పుడు కిటికీ దగ్గర కూర్చుని మిగిలిన చెట్లను చూస్తుంటాడు.

'పాపం మకార్ నెత్తినే కాయలన్నీ రాలతాయి' అని మాలో సామెత. పైన్ చెట్టు కాయలు, గట్టివి. ఇలాంటి సామెత ఉన్న దేశంలో ఆ పేరు పెట్టుకుని తొంభై ఏళ్ళు బతకడం చిన్న సంగతి కాదు. బళ్ళో, పటాలంలో, దుంగల శిబిరంలో, ఎక్కడికి వెళ్ళినా ఆయనకు మొదటి పలకరింపు "ఏం మకార్, ఇవాళ కాయ పడిందా?" అన్నదే. పడుతూనే ఉండేవి కూడా. అన్న యుద్ధంలో పోయాడు, ఇల్లు కాలింది, పెళ్ళాం తొందరగా పోయింది. గోరుచుట్టు మీద రోకటిపోట్లు లెక్కపెట్టడం ఆయన ఏనాడో మానేశాడు. ఆ పేరుకు ప్రాచీన గ్రీకులో 'ధన్యుడు, సుఖంగా ఉన్నవాడు' అని అర్థమని ఒకసారి గ్రంథాలయంలో ఎవరో చెబితే, టీ ఒలికిపోయేదాకా నవ్వాడట.

ఆయన ఒక పొద్దున్నే మా ఇంటికి దిగి వచ్చాడు.

"విన్నావా అర్కాదీ? పిల్లవాడికి నా పేరు పెడుతుందట మా ఉల్యానా."

"మంచిదేగా, మకార్ సవ్వతీచ్."

"ఏం మంచీ! వద్దంటే వద్దన్నాను. నా నెత్తి చాలదా అన్నాను. దానికది ఏమందో తెలుసా? 'కాయలన్నీ నీ మీదే రాలిపోయాయి తాతా, వీడికింకేం మిగల్లేదు' అంది." మళ్ళీ తనే అన్నాడు, "ఆలోచిస్తే అదీ నిజమేననిపించింది. అర్థానికి తగ్గట్టు బతికే మకార్ ఒక్కడైనా ఉండాలి కదయ్యా. వాడి కాగితం మీద ఆ పేరు నా కళ్ళతో చూసి పోతాను. ఇంకేమీ అక్కర్లేదు."

నేను జిల్లా పత్రికలో శీర్షిక రాస్తాను. పత్రికవాడు పక్కనుంటే అధికారులు భయపడతారని నమ్మి ఉల్యానా నన్నూ రమ్మంది. ఆ నమ్మకం నాక్కూడా ఉండేది.

విభాగాధిపతి ఇజోల్దా వికెంత్యెవ్నా గారు మనుషుల ముఖం చూడరు. (ముఖం చూస్తే నిష్పక్షపాతం చెడుతుందని నియమం.)

"పేరు?"

"మకార్ అండీ," అంది ఉల్యానా.

ఆవిడ కలం కింద పెట్టారు. "అర్థం?"

"ధన్యుడు. సుఖంగా ఉన్నవాడు. నిఘంటువు తెచ్చాను, చూస్తారా?"

"నిఘంటువు మాట సంగతి చెబుతుందమ్మా, నాకు మనిషి సంగతి కావాలి. మీ వంశంలో ఈ పేరు గలవాళ్ళు సుఖపడిన దాఖలా ఏమైనా ఉందా?"

మకార్ సవ్వతీచ్ టోపీ తీసి ముందుకు జరిగాడు.

"మీరేనా? సుఖంగా ఉన్నారా తాతగారూ?"

"ఎప్పుడమ్మా?"

"మొత్తం మీద."

"మొత్తం అంటే... పొద్దున వేయించిన బంగాళదుంపలు తిన్నాను, అప్పుడు సుఖంగానే ఉన్నాను. తర్వాత ఇక్కడికొచ్చాను."

ఆవిడ 'పాక్షికం' అని రాసుకున్నారు.

చరిత్ర తేల్చడానికి సామెతల నిపుణుడు విస్సరియోన్ గెర్మనోవిచ్ గారిని పిలిపించారు. ఆయన సంస్కృతి భవనంలో పిల్లలకు అకార్డియన్ నేర్పుతాడు. సామెతలు అదనపు బాధ్యత.

"ఈ పేరు మీద రెండు కేసులున్నాయి," అన్నాడాయన గొంతు సవరించుకుని. "ఒకటి కాయలు, రెండు దూడలు. కాయల విషయం అటవీ శాఖది. ఆ పేరు గలవారి వివరాల్లో ఏ మార్పు వచ్చినా మేం వాళ్ళకు నకలు పంపాలి. దూడల సంగతి నేనే చూస్తాను."

'మకార్ దూడల్ని తోలని చోటు' అంటే మాలో ఎవరూ కోరి వెళ్ళని దూరం. మా తాతల కాలంలో అక్కడికి ఎవరూ దారి అడగలేదు. సర్కారువాళ్ళే బండి ఎక్కించి మరీ ప్రవాసానికి తీసుకువెళ్ళారు.

"మీరు దూడల్ని తోలారా?"

"తోలాను. చిన్నప్పుడు, సమష్టి క్షేత్రంలో."

"ఎంతదాకా?"

"వాగుదాకా."

"వాగు దాటలేదా?"

"ఎందుకు దాటతానయ్యా? గడ్డి ఇవతలేగా ఉంది!"

నిపుణుడి ముఖం వెలిగిపోయింది. "రాసుకోండి ఇజోల్దా వికెంత్యెవ్నా. వాగు అవతల ప్రపంచమంతా మకార్ దూడల్ని తోలని చోటే. సామెత నిజం. చరిత్ర ఋజువైంది."

అంత పెద్ద దేశం అంత చిన్న వాగు దగ్గర తెగిపోవడం నేను అంతకుముందు చూడలేదు. అదే సమయంలో రెండో కిటికీ దగ్గర ఒక కుర్ర జంట తమ బిడ్డకు కెవిన్ అని రాయించుకుని, అభినందనలతో పాటు ఒక చాక్లెట్ పెట్టె కూడా అందుకుని వెళ్ళిపోయారు. వాళ్ళను ఎవరూ ఏమీ అడగలేదు.

వారం తర్వాత మళ్ళీ పిలుపు వచ్చింది. ఇక కాగితమే ఇస్తారనుకుని ముసలాయన గడ్డం గీసుకుని, పతకాలున్న కోటు వేసుకుని వచ్చాడు.

"ఒక్క చిక్కు మిగిలింది," అన్నారు ఇజోల్దా వికెంత్యెవ్నా. "ఒకే ఇంట్లో ఒకే పేరుతో ఇద్దరుంటే కాపుకాసే దేవదూత ఇద్దరికీ ఒక్కడే అవుతాడు. ఈ సంగతి మీ ముసలమ్మలు చెప్పలేదా?"

"చెబుతారండీ, ముసలమ్మలు చెబుతారు. మీది ప్రభుత్వ కార్యాలయం కదా?"

"ప్రభుత్వం దేవదూతల్ని నమ్మదమ్మా. అంతమాత్రాన, లేనివాడి మీద రెండింతల పని మోపే అధికారం నాకెక్కడిది?"

"అయితే ఇప్పుడు ఏం చేయమంటారు?"

"పేరు ఖాళీ కావాలి."

"ఖాళీ అంటే?"

అప్పుడు ఆవిడ మొదటిసారి తలెత్తి ముసలాయనను చూశారు. టోపీ నుంచి ఉన్ని బూట్ల దాకా, అద్దెకు రాబోయే వాటాను చూసినట్టు చూశారు.

"త్వరలో అవకాశం ఏమైనా ఉందా?"

ఉల్యానా ముఖం ఎర్రబడింది. "మా తాత మీ ఎదురుగా నిలబడి ఉన్నాడండీ!"

"కనబడుతోందమ్మా. ఇబ్బందల్లా అదే."

"ఎంతలోగా కావాలి తల్లీ?" అని అడిగాడు మకార్ సవ్వతీచ్. ఆయన గొంతులో వెటకారం లేదు. నిజంగానే తెలుసుకోదలచి అడిగాడు.

"నెలాఖరులోగా అయితే సౌకర్యంగా ఉంటుంది. నమోదుకు గడువుంది కదా."

ఇక ఊరుకోలేక, నేను పత్రికవాడినని చెప్పాను. తాను పత్రికలు చదవనని ఆవిడ చెప్పారు. మా ఇద్దరి పరిచయం అక్కడితో పూర్తయింది.

మేమిద్దరం ఇలా వాదులాడుతుంటే ముసలాయన పక్కన లేడు. చూస్తే రెండో కిటికీ దగ్గర ఉన్నాడు.

"పేరు మార్చుకోవాలమ్మాయ్," అంటున్నాడు.

"కొత్త పేరు సంప్రదాయమైనదైతే మొదటి కిటికీకి వెళ్ళాలి తాతగారూ. కాకపోతే ఇప్పుడే ఇస్తాను."

"త్వరగా అయ్యేది ఏదుంది?"

"మొన్న కెవిన్ ఇచ్చాం. యంత్రంలో ఇంకా అలాగే ఉంది."

"అదే ఇచ్చెయ్యి."

ఉల్యానా పరుగెత్తేసరికే ముద్ర పడిపోయింది. "ఏం పని తాతా ఇది! తొంభై ఏళ్ళ పేరు! ఎవరినైనా అడగక్కర్లేదా?" అని అక్కడే ఏడ్చేసింది.

"వాడుకున్నానుగా, ఇంకెంతకాలం వాడతాను? ఏడవకు. వెళ్ళి ఆవిడకు చెప్పు, ఖాళీ అయిందని," అన్నాడు ముసలాయన. అప్పటికి ఆయన అధికారికంగా కెవిన్ సవ్వతీచ్.

ఇజోల్దా వికెంత్యెవ్నా ఆ కాగితాన్ని అటూ ఇటూ తిప్పి చూశారు.

"అంటే ఇప్పుడు మీ ఇంట్లో మకార్ లేడు."

"లేడండీ. ఖాళీ," అంది ఉల్యానా కళ్ళు తుడుచుకుంటూ.

"అంటే మీ వంశంలో ఈ పేరు వాడుకలో లేదు. వాడుకలో లేని పేరు మీకు సంప్రదాయం ఎలా అవుతుందమ్మా?"

నేను అడ్డుపడి అడిగాను. "పోయిన వారం సుఖం గురించి, దూడల గురించి సాక్ష్యం చెప్పాడు కదండీ?"

"అది మకార్ గారు చెప్పిన సాక్ష్యం. ఆయన్ను తీసుకురండి, మళ్ళీ పరిశీలిస్తాను."

"పోనీ, నా పేరు నాకు తిరిగి ఇచ్చెయ్యి తల్లీ," అన్నాడు ముసలాయన.

"మకార్ సంప్రదాయ నామం తాతగారూ. అది కావాలంటే మీ వంశంలో..." అని మొదలుపెట్టి, మధ్యలోనే ఆపి, ఆవిడ టీ విరామానికి లేచారు. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. ఇక్కడ పూజారి వరం ఇవ్వకపోగా, చేతిలో ఉన్నది కూడా లాక్కున్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది. ఆ మంటతోనే రాసిన వ్యాసాన్ని మా సంపాదకుడు తీసేసి, దాని చోట బంగాళదుంపల సాగు మీద వ్యాసం వేశాడు.

గడువు ముగిసే రోజున ఉల్యానా పసివాణ్ణి చంకనేసుకుని నేరుగా రెండో కిటికీకి వెళ్ళింది. నమోదు లేకపోతే బిడ్డకు ఆస్పత్రిలో చీటీ కూడా రాయరు. మొండితనంలో ఆమె తాతకు తగిన మనవరాలు.

"మా తాత పేరే పెడతాను," అంది.

"తాత పేరేమిటండీ?"

"కెవిన్."

దేవదూత సంగతి ఏమిటని నేనే పక్కనుంచి అడిగాను. కెవిన్‌కు దేవదూత ఎవరూ కేటాయింపు కాలేదనీ, అందువల్ల ఒక ఇంట్లో ఎంతమందైనా ఉండవచ్చుననీ ఆ అమ్మాయి చెప్పింది. చాక్లెట్ పెట్టె కూడా ఇచ్చింది.

ముసలాయన ఆ కాగితాన్ని కిటికీ వెలుతురులో పెట్టుకుని చాలాసేపు చూశాడు. తాను చూడాలనుకున్న పేరు దాని మీద లేదు. "అచ్చు శుభ్రంగా ఉంది," అని, మడిచి చక్కెర డబ్బా కింద పెట్టాడు.

ఇంట్లో మాత్రం పసివాణ్ణి మకార్ అనే పిలిచేవారు. ఉల్యానా వంటింట్లోంచి "మకార్!" అని కేకేస్తే రెండు తలలు తిరిగేవి. ఆ పేరు ఆ ఇంట్లో అంతగా మోగడం, ముసలాయన అంతగా నవ్వడం నేను అంతకుముందు వినలేదు, చూడలేదు. ఎవరైనా పరిశీలించడానికి వచ్చి ఉంటే, అర్థం ఆ నెలల్లో ఋజువయ్యేది. ఎవరూ రాలేదు.

మేలో, బంగాళదుంపలు నాటడం అయ్యాక, ఆయన నిద్రలోనే పోయాడు. మరణాల కిటికీ దగ్గర పేరుకు అర్థమూ చరిత్రా అడగరు. పని చకచకా అయిపోయింది. చర్చిలో ఫాదర్ ఆయన ఆత్మశాంతికి జ్ఞానస్నానం నాటి పేరుతోనే, మకార్ అనే ప్రార్థించాడు. అక్కడి రికార్డు మార్చడం విభాగం చేతిలో లేదు. శ్మశానం గుత్తేదారు మాత్రం కాగితంలో ఉన్నట్టే శిలువ మీద రంగుతో రాయించాడు: కెవిన్ సవ్వతీచ్. ఆ నెల విభాగం నివేదికలో, మకార్ అనే పేరు మా జిల్లాలో సంపూర్ణంగా సంరక్షింపబడినదనీ, దాన్ని దుర్వినియోగం చేసేవారు ప్రస్తుతం ఒక్కరూ లేరనీ ఉంది.

ఆయన పోయిన తొమ్మిదో రోజు, మా ఆచారం ప్రకారం, మేము అట్లు, తేనె పట్టుకుని సమాధి దగ్గరికి వెళ్ళాం. మా శ్మశానమంతా పైన్ చెట్లే. సెలవు మీద వచ్చిన గ్లేబ్, సమాధుల పక్కన కూర్చుని తినడానికి వేసి ఉండే బల్ల తుడుస్తున్నాడు. ఉల్యానా పసివాడి బండిని శిలువ పక్కన నిలబెట్టింది. గాలి కూడా లేదు. ఒక కాయ టప్పుమని సమాధి మీద పడింది. మేం తలెత్తి చూసేలోపు ఇంకొకటి రాలి, నేరుగా బండిలోకి, పసివాడి దుప్పటి మీద పడింది. వాడు ఉలిక్కిపడి ఏడుపు లంకించుకున్నాడు.

మకార్ లేడన్న నకలు అటవీ శాఖకు ఇంకా అందినట్టు లేదు.