కోటు చెయ్యి, మేక తల

ఆ రోజు ఉదయం నాగేశ్వరప్రసాద్ గారు పెట్టుకున్న పని చాలా చిన్నది. కాఫీ తాగాలి, నల్లకోటు తొడుక్కోవాలి, రాజమండ్రి వెళ్ళి రోమన్ న్యాయశాస్త్రాన్ని చావు నుంచి కాపాడాలి. మధ్యాహ్నం భోజనానికి ఇంటికి వచ్చేస్తానని భార్య అన్నపూర్ణమ్మకు చెప్పి, గుత్తివంకాయ కూర చెయ్యమన్నారు కూడా.

ఆయన రాజమండ్రిలో ఒక లా కాలేజీలో లెక్చరరు. ధవళేశ్వరంలో కాపురం. ఉద్యోగంలో చేరిన నాటి నుంచి రోమన్ లా తప్ప మరొకటి చెప్పలేదు, చెప్పమన్నా చెప్పలేదు. ఈలోగా కొత్త శతాబ్దం వచ్చింది. సందుకొక ఇంటర్నెట్ సెంటరు వెలిసింది. ఆ గాలి కాలేజీకీ సోకింది. రోమన్ లా పేపరు తీసేసి ఆ స్థానంలో కంప్యూటర్ లా పెట్టాలని ప్రతిపాదన వచ్చింది. ఆ పూటే మీటింగు, ఆ పూటే ఓటింగు. ప్రతిపాదించిన ప్రిన్సిపాల్ జీవరాజు ఒకప్పుడు ఆయన దగ్గర చదువుకున్నవాడే. అదీ కడుపుమంట.

"నా క్లాసులో ముందు బెంచీలో కూర్చుని, నా చేత మార్కులు వేయించుకుని, ఇవాళ అది చచ్చిపోయిన చట్టం అంటాడా!" అని ఆయన వారం రోజులుగా కనిపించిన వాళ్ళందరినీ అడుగుతున్నారు. ఆ కనిపించిన వాళ్ళలో పాలవాడూ, కరెంటు మీటరు చూడ్డానికి వచ్చినవాడూ కూడా ఉన్నారు. కాదని ఎవరూ అనలేదు.

ఆ జీవరాజే కడియం నుంచి కారులో వస్తూ దారిలో ఎక్కించుకుంటానని ఫోన్ చేశాడు. శత్రువు కారు ఎక్కడమా అని కాసేపు ఆలోచించి, బస్సులో కోటు నలుగుతుందని ఒప్పుకున్నారు. ట్రంకుపెట్టెలోంచి తీసిన కోటు కలరా ఉండల వాసన కొడుతుంటే అన్నపూర్ణమ్మ పెరట్లో దండెం మీద ఆరవేసింది. ఆయన వసారాలో అటూ ఇటూ నడుస్తూ ఉపన్యాసం వల్లె వేసుకుంటున్నారు.

"రోము రాజ్యం కూలిపోయింది. రోమన్ చట్టం కూలిందా? లేదు! జస్టీనియన్ చక్రవర్తి దాన్నంతా ఒకచోట గుదిగుచ్చి పెట్టాడు. ఐరోపా దేశాలు దాన్ని చూసే తమ చట్టాలు రాసుకున్నాయి. ఈ రోజుకీ మన కోర్టుల్లో..."

"ఏవండీ," అంది అన్నపూర్ణమ్మ పెరట్లోంచి. "ఉపన్యాసం ఆపి ఒకసారిటు రండి."

కోటుకు కుడి చెయ్యి మోచేతి దాకా లేదు. ఆ లేని ముక్క పక్కింటి మేక నోట్లోంచి వేలాడుతోంది. మేక తొందరేమీ పడలేదు. ఆయన కళ్ళల్లోకి చూస్తూ, గుండీతో సహా నమిలి మింగేసింది.

నాగేశ్వరప్రసాద్ గారు పెట్టిన కేకకు వీధి వీధంతా గుమ్మాల్లోకి వచ్చింది. ఎదురింటి టైలరు వీరాస్వామి మెడలో టేపుతోనే వచ్చాడు. పూలమ్మే రామలక్ష్మి చేతిలో సగం కట్టిన మాలతో వచ్చింది. మేక సొంతదారు వెంకటదుర్గ అందరి కన్నా ఆఖరున, కాస్త నెమ్మదిగా వచ్చింది. ఇలాంటి కేకలు ఆమెకు అలవాటే.

"అయ్యయ్యో మాస్టారూ, కోటు తినేసిందా అండి? మొన్న గొడుగు గుడ్డ తినేసింది. దీంతో నేను పళ్ళేనండి. బందెలదొడ్డికి తోలించెయ్యండి బాబూ, నేనేం అనుకోను."

"బందెలదొడ్డా!" అన్నారాయన. "ఇవాళ, ఈ పూట, నా కోటు తిన్న మేకకి బందెలదొడ్డా? వీల్లేదు. దీనికి అసలైన చట్టం ఉంది. రెండున్నర వేల ఏళ్ళనాడే రోములో పన్నెండు పలకల మీద చెక్కించారు. నాలుగు కాళ్ళ జంతువు ఒకరి సొత్తు పాడు చేస్తే దాని యజమానికి రెండే దారులు. నష్టం కట్టాలి, లేదా జంతువుని అప్పగించాలి. మూడో దారి లేదు!"

ఆయన ఉద్దేశం వెంకటదుర్గ భయపడాలని. భయపడి, తప్పయిందని చెప్పి, మేకను కట్టేసుకోవాలని. చట్టం ఎంత గొప్పదో ఆ భయంలో వీధికి తెలియాలని.

వెంకటదుర్గ ముఖం విప్పారింది. "అప్పగించెయ్యొచ్చా అండి? నిజంగానా?"

మరుక్షణం మేక తాడు ఆయన చేతిలో ఉంది. "వీరాస్వామన్నా, రామలక్ష్మీ, చూశారుగా, సాక్ష్యం మీరే. ఇచ్చేశానమ్మా. ఇంక నాకూ దీనికీ సంబంధం లేదు," అని రెండు చేతులూ దులుపుకుంది.

అక్కడితో ఆగి ఉంటే నష్టం ఒక కోటు చేతితో పోయేది. కానీ వీరాస్వామి ప్రశ్న అడిగాడు. ప్రశ్న అడిగిన మనిషిని చూస్తే ఆయనకు ఎక్కడ లేని ప్రేమ పుట్టుకొస్తుంది. కాలేజీలో ప్రశ్న అడిగినవాడు ఈమధ్య లేడు మరి.

"మాస్టారూ, నాదొక డౌటండి. పోయిన నెల నా షాపులో ఎవరిదో పట్టు జాకెట్టు గుడ్డ తినేసిందండి ఈ మేక. అప్పుడు నాకేం ఇవ్వలేదు వెంకటదుర్గమ్మగారు. ఇప్పుడు మేక చేతులు మారింది కదండీ, మరి నా జాకెట్టు గుడ్డ ఎవరిస్తారండి?"

"శభాష్!" అన్నారు నాగేశ్వరప్రసాద్ గారు. "అదీ ప్రశ్నంటే. రోమన్లు దీనికి ఒక్క ముక్కలో జవాబు చెప్పారు. తప్పు తల వెంటే పోతుంది. అంటే, జంతువు చేసిన తప్పు దాని తలకి అంటుకునే ఉంటుంది. తప్పు చేసినప్పుడు అది ఎవరిదన్నది అనవసరం. ఇవాళ ఆ తల ఎవరి దగ్గరుంటే బాధ్యత వాళ్ళది. ఎంత చక్కటి సూత్రమో చూడండి!"

వీధి ఒక క్షణం ఆ చక్కదనాన్ని చూసింది. తరవాత అందరూ కలిసి ఆయన చేతిలోని తాడును చూశారు.

"అంటే మాస్టారూ," అన్నాడు వీరాస్వామి మర్యాదగా, "తల మీ దగ్గరుందండి."

ఇంక చెప్పాలా! మేక ఎప్పుడో తిన్న రామలక్ష్మి కనకాంబరాల బుట్ట ఒకటి బయటికొచ్చింది. ఎవరిదో కరివేపాకు మొక్క వచ్చింది. గొడుగు గుడ్డ వచ్చింది. పక్క వీధి వాళ్ళు కూడా వార్త విని వచ్చారు. ఒకాయన తన ఇంటి ముందు పెళ్ళి పందిరికి కట్టిన కొబ్బరాకులన్నీ ఈ మేకే తిన్నదని, ఆ పెళ్ళి రెండు గంటలు ఆలస్యమైందని వాపోయాడు. నిన్నటి దాకా ఊరుకున్న మనుషులే! నిన్నటి దాకా "మేకన్నాక తినదా" అని సర్దుకున్న వాళ్ళే ఈ రోజు ఆయన నేర్పిన చట్టం పట్టుకుని ఆయన మీదికే వచ్చారు. తొమ్మిది నెలలు క్లాసులో చెప్పినా ఒక్కడికీ ఎక్కని సూత్రం వీధిలో ఒక్క నిమిషంలో ఎక్కింది.

మేక మాత్రం ఆయన పంచె అంచు మీద దృష్టి పెట్టింది.

అన్నపూర్ణమ్మ ఆయన చెవి దగ్గరికి వచ్చింది. "ఏవండీ, ఎందుకొచ్చిన గొడవ? అది రోము వాళ్ళ చట్టం, ఇక్కడ చెల్లదని చెప్పెయ్యండి. అందరూ వెళ్ళిపోతారు."

"చెల్లదని చెప్పనా? నేనా? ఇవాళా?"

"ఇక్కడ చెబితే అక్కడెవరికి తెలుస్తుందండి?"

తెలిసేవాడు అప్పుడే వచ్చాడు. గుంపు వెనక కారు ఆగింది. జీవరాజు దిగి, సంగతేమిటని వీరాస్వామిని అడిగి, మొత్తం విని, హాయిగా నవ్వాడు.

"గురువుగారూ, దీనికి ఇంత బాధెందుకండి? అది ఎప్పుడో పోయిన చట్టం, మాకు వర్తించదని ఒక్క మాట అనండి. అనేసి కారెక్కండి. మీటింగుకి టైమవుతోంది."

మామూలుగా జీవరాజును 'నువ్వు' అనే ఆయన ఆ క్షణం నుంచి 'మీరు' అనడం మొదలుపెట్టారు. ఆయనకు నిజంగా కోపం వచ్చినప్పుడే ఆ గౌరవం బయటికి వస్తుంది. "మీరు ఆ మాట అనిపించాలనే వచ్చారు, ప్రిన్సిపాల్ గారూ. నేను అనను. ఈ వీధిలో ప్రతి కనకాంబరానికీ జవాబు చెప్పుకుంటాను గానీ, ఆ మాట మాత్రం నా నోటితో అనను!"

అంటూనే మేక నోట్లోంచి పంచె అంచు లాక్కున్నారు. జీవితంలో ఒకే ఒక్క దాన్ని నమ్ముకుంటే, దాన్ని నిలబెట్టుకోవడానికి ఒక మేకను మోయవలసి వచ్చింది. జాలిపడవలసిన విషయమే. కానీ జాలిపడుతూ కూడా ఎవరూ కదల్లేదు, వాళ్ళ నష్టాలు వాళ్ళవి.

అప్పుడు అన్నపూర్ణమ్మ ఆయన చేతిలోంచి తాడు తీసుకుంది. "ఇలా ఇవ్వండి, పెరట్లో కట్టేసి వస్తాను," అంది. పెరట్లోకి తీసుకెళ్ళింది కూడా. కట్టలేదు. కాపురానికి వచ్చిన నాటి నుంచి రోజూ రాత్రి భోజనాల దగ్గర రోమన్ లా విన్న మనిషి ఆమె. మేక సంగతి అంతకంటే బాగా తెలుసు.

మేక ప్రహరీ పక్క సందులోంచి దూరి తిన్నగా పాత ఇంటికి పోయింది. అక్కడ వెంకటదుర్గ నులకమంచం మీద పాత చీర పరిచి గుమ్మడి వడియాలు పెట్టి ఉంది. వీధి సంబరం చూస్తూ ఆమె కాపలా మరిచిపోయింది.

"అయ్యో! నా వడియాలు! మీ మేక నా వడియాలు తినేస్తోంది మాస్టారూ!"

'మీ మేక' అన్న మాట నాగేశ్వరప్రసాద్ గారికి దేవుడి పిలుపులా వినపడింది. పంచె ఎగ్గట్టి పరిగెత్తారు. మేక తాడు దొరకబుచ్చుకుని, వెంకటదుర్గ ముందు నిలబడి, గుండెల నిండా ఊపిరి పీల్చుకున్నారు.

"నా మేక నీ సొత్తు పాడు చేసింది. ఒప్పుకుంటున్నాను. నాకు రెండే దారులు. కట్టాలి, లేదా అప్పగించాలి. ఇదిగో, అప్పగిస్తున్నాను! వీరాస్వామీ, రామలక్ష్మీ, సాక్ష్యం మీరే!"

తాడు మళ్ళీ వెంకటదుర్గ చేతిలో పడింది. తల ఆమె దగ్గరికి చేరింది. తప్పులన్నీ తల వెంటే నడిచి వెళ్ళాయి. జనం కూడా మర్యాదగా ఒక ఇల్లు పక్కకి జరిగారు.

వెంకటదుర్గ మిగిలిన వడియాలు చీరలో మూటగట్టింది. మేక ఈనగానే అందరి ఇళ్ళకీ పాలు పోస్తానని ఒప్పుకుంది. పాలంటే జనం కూడా ఒప్పుకున్నారు.

"మరి నా కోటు?" అన్నారు నాగేశ్వరప్రసాద్ గారు. అన్నీ తేలాక అది గుర్తొచ్చింది.

వీరాస్వామి గడ్డం గోక్కున్నాడు. "మీ కోటుకి వెంకటదుర్గమ్మగారు మేకనిచ్చేశారు కదండీ. మీరు పుచ్చుకున్నారు కదండీ. దాంతో అది తీరిపోయిందండి. మీరే చెప్పారు, మూడో దారి లేదని."

ఆయన మనసులో పన్నెండు పలకలూ తిరగేసుకున్నారు. వీరాస్వామి చెప్పింది తప్పు కాదు.

జీవరాజు కారులోనే రాజమండ్రి వెళ్ళి, ఒంటిచేతి కోటుతోనే మీటింగులో లేచి నిలబడ్డారు. వల్లె వేసుకున్న ఉపన్యాసం వదిలేసి, ఆ ఉదయం జరిగింది జరిగినట్టు చెప్పారు. కోటు చెయ్యి ఎత్తి చూపించారు. చదువు రాని వీధి అరగంటలో అందుకుని నడిపిన చట్టాన్ని చచ్చిపోయిందని ఎలా అంటారని బల్ల గుద్ది అడిగారు. బాగా చెప్పారు. అంత బాగా ఆయన ఏనాడూ చెప్పలేదు. సభ్యులు తలలూపారు కూడా.

అప్పుడు జీవరాజు లేచాడు. "గురువుగారు చెప్పింది అక్షరాలా నిజం. నేను కళ్ళారా చూశాను. ఇన్నాళ్ళూ అది చచ్చిపోయింది, ఉంచినా నష్టం లేదేమో అని ఒక మూల అనుమానం ఉండేది. బతికే ఉందని ఇవాళ తెలిసింది. ఇక ఇది పిల్లలకి చెప్పడం క్షేమం కాదు."

ఓటింగులో రోమన్ లా పోయింది. చచ్చిందన్నప్పుడు తీసేస్తామన్నారు, బతికుందని రుజువు చేస్తే తీసేశారు! ఇదెక్కడి న్యాయమని ఆయన వరండాలో అడిగారు, గేటు దగ్గర వాచ్‌మన్‌ని అడిగారు, జీవరాజు కారు ఎక్కనని భీష్మించి బస్సు ఎక్కాక కండక్టరునీ అడిగారు. కండక్టరు చిల్లర లేదన్నాడు.

సాయంత్రం ధవళేశ్వరంలో బస్సు దిగి వీధి మలుపు తిరిగేసరికి మళ్ళీ గుంపు. వీరాస్వామి కోడి, రామలక్ష్మి పిండికని ఆరబోసుకున్న బియ్యం తినేసింది.

"కడతావా, కోడినిస్తావా?" అంటోంది రామలక్ష్మి. "మూడో దారి లేదు!"

నాగేశ్వరప్రసాద్ గారి అలసట ఎగిరిపోయింది. గుంపులోకి చొరబడ్డారు. "ఆగండి, ఆగండి! తప్పు చేస్తున్నారు. అది నాలుగు కాళ్ళ జంతువులకి రాసిన చట్టం. కోడికి రెండే కాళ్ళు. దీనికి వర్తించదు!"

"తిన్నది ముక్కుతో కదా మాస్టారూ," అంది రామలక్ష్మి. "కాళ్ళతో పనేంటండి? బియ్యం పోయాయా లేదా?"

సరిగ్గా ఇదే మాట. నాలుగు కాళ్ళ చట్టాన్ని మిగతా జంతువులకీ పాకించాలని రోములో న్యాయకోవిదులు వాదించి ఒప్పించారు. దానికి వాళ్ళకు కొన్ని వందల ఏళ్ళు పట్టింది. రామలక్ష్మికి ఒక పూట పట్టింది.

"అమ్మా రామలక్ష్మీ, ఇది... నువ్వు చెప్పింది అచ్చం రోమన్ లా!"

"రోమూ లేదు, గీమూ లేదండి," అన్నాడు వీరాస్వామి కోడిని చంకలో పెట్టుకుని, కాస్త కోపంగానే. "ఇది మన వీధి పద్ధతి. పొద్దున్నించీ ఉన్నదే. మీరు పక్కకి జరగండి, మమ్మల్ని తేల్చుకోనివ్వండి."

ఆయన పక్కకి జరిగారు. చిన్నబోవలసిందే, చిన్నబోయారు కూడా. రెండున్నర వేల ఏళ్ళ చట్టానికి కన్నతండ్రి పేరు కూడా మిగల్లేదు! అయినా ఆ మాట లోపల ఎక్కడో తియ్యగా తగిలింది. దేశాలు దేశాలు అలాగే కదా తీసుకున్నాయి, పేరు మరిచిపోయి, తమదే అనుకుని. సిలబస్‌లో ఉన్న చట్టాన్ని ప్రిన్సిపాల్ తీసెయ్యగలడు. వీధికి ఎక్కినదాన్ని ఎవడు తీస్తాడు? ఆయన కళ్ళు చెమర్చాయి. తుడుచుకుందామని కుడిచెయ్యి ఎత్తితే అక్కడ కోటు లేదు, ఎడమచేత్తో తుడుచుకున్నారు.

గుమ్మంలో అన్నపూర్ణమ్మ చల్లారిపోయిన గుత్తివంకాయ కూర వేడి చేస్తానంటూ ఎదురొచ్చింది. పేపరు ఏమైందని అడగలేదు. ఆయన ముఖం చూస్తే తెలుస్తోంది. "వీధిలో ఏంటండి మళ్ళీ గొడవ?" అని మాత్రం అడిగింది.

"రోమన్ లా," అన్నారాయన గర్వంగా, చెప్పులు విప్పుతూ.

కోటు చేతికి మాత్రం రోమన్ చట్టంలోనూ, వీధి చట్టంలోనూ, కొత్తగా వచ్చిన కంప్యూటర్ చట్టంలోనూ దారి దొరకలేదు.