వేసి, మూతపెట్టి, వెళ్ళిపోవడమే!

స్త్రీజాతికి స్వేచ్ఛ ప్రసాదించింది ఏది? ఓటు హక్కా? కాలేజీ చదువా? కారు తాళాలా? కాదు, కాదు, కాదు! స్లో కుక్కరు!

నవ్వకండి. సరదాకు రాయడం లేదు నేను. పొద్దున్నే ఆ కరెంటు కుండలో నాలుగు మాంసం సాసేజ్ ముక్కలు, నాలుగు బంగాళాదుంపలు, రెండు క్యారెట్లు, గుప్పెడు బీన్సు పడేసి, మూతపెట్టి, మీట నొక్కి వెళ్ళిపోతే సాయంత్రానికి విందు సిద్ధం. కలపక్కర్లేదు. కనిపెట్టుకుని కూర్చోనక్కర్లేదు. ఇంత సులువైన వంట వచ్చాక కూడా ఆడవాళ్ళకు అలసట ఎక్కణ్ణుంచి వస్తుందో మా విస్కాన్సిన్ మగవాళ్ళకు ఎంత ఆలోచించినా అంతుపట్టదు.

మా ఇంట్లో మొదటి మంచు పడిన రోజు బల్లమీదికెక్కిన కుండ మళ్ళీ వసంతం వస్తేగానీ దిగదు. దానికి నేను చేసే సేవ తక్కువది కాదు. మీట నొక్కేది నేనే. "ఇవాళ వంట నాది" అని మా బావమరిదికి ఫోన్ చేసి చెప్పేదీ నేనే. కూరగాయలు కొనడం, కడగడం, చెక్కు తీయడం, తరగడం, ఉప్పూ మిరియాలూ చూడడం, ఆఖర్న అడుగంటిన కుండ తోమడం లాంటి చిల్లర పనులు మాత్రం నా భార్య లొరెట్టా చూసుకుంటుంది. ఎవరికి చేతనైంది వాళ్ళు చేయాలి కదా!

అయితే స్లో కుక్కరు మహత్తు నాకు పూర్తిగా బోధపడింది మొన్న మా చర్చిలో జరిగిన పంటల విందులో.

ఈ విందు ఏటా నవంబరులో చర్చి కింది హాల్లో జరుగుతుంది. ఊరంతా వస్తుంది. వండేది ఆడవాళ్ళు, తినేది అందరూ, పొగడ్తలు అందుకునేది ఫాదర్ కాజ్ గారు. తాతల నాటి నుంచీ ఇదే ఆచారం.

ఈసారి ఏర్పాట్ల గురించి మాట్లాడుకుంటున్నప్పుడు లొరెట్టా లేచి నిలబడింది. "బంగాళాదుంపలు చెక్కు తీయడానికి ఇద్దరు మగవాళ్ళు వస్తే బాగుంటుంది. మాలో సగం మందికి వేళ్ళు వంగట్లేదు," అంది.

డ్యూయేన్ లేచాడు. ఇతను మా మగవాళ్ళ సంఘానికి అధ్యక్షుడు, నాకు చిన్ననాటి స్నేహితుడు, వృత్తికి బీమా ఏజెంటు. రాబోయే ప్రమాదాల గురించి గంటలకొద్దీ మాట్లాడగలడు. ప్రమాదం వచ్చాక మాత్రం మనిషి దొరకడు.

"చెక్కేంటి లొరెట్టా, ఏ కాలంలో ఉన్నావ్? ఇంటింటికీ స్లో కుక్కరుంది. సాసేజ్ వెయ్, ముక్కలు వెయ్, మూత పెట్టు, వెళ్ళిపో. దీనికింత హైరానా దేనికి? పంజా అందితే మా కుక్క కూడా చేసేస్తుంది."

మగవాళ్ళంతా నవ్వారు. నేనూ నవ్వాను. అధ్యక్షుడు జోకేస్తే నవ్వడం సభ్యుడి ధర్మం.

లొరెట్టా కోప్పడలేదు. "అయితే ఈసారి మీరే చేసెయ్యండి," అని కూర్చుంది.

"చేస్తాం!" అన్నాడు డ్యూయేన్.

"మేం వంటింట్లోకి రాం మరి."

"అసలు రానిస్తే కదా! మీరంతా మంచి గౌన్లు వేసుకుని, రాణుల్లా కూర్చోండి."

చప్పట్లు మోగాయి. ఫాదర్ కాజ్ ఒక్కరే పైకప్పు వంక చూశారు. ప్రార్థించారో, నీళ్ళు కారుతున్నాయేమోనని చూసుకున్నారో చెప్పలేను.

విందుకు ముందు రోజు సాయంత్రం నేను నడుం బిగించాను.

"లొరెట్టా, చెక్కు తీసే పీలర్ ఎక్కడుంది?"

"డ్రాయర్లో."

"ఏ డ్రాయర్లో?"

"మన పెళ్ళయిన దగ్గర్నుంచీ ఉన్న డ్రాయర్లో."

వెతికాను. అందులో దారపు ఉండలు, చచ్చిన బ్యాటరీలు, ఎవరిదో చెవిపోగు దొరికాయి. అంతలో డ్యూయేన్ ఫోన్ చేశాడు. చెక్కులోనే విటమిన్లన్నీ ఉంటాయనీ, తీయడం ఆరోగ్యానికి ద్రోహమనీ సంఘం సభ్యులందరికీ చెబుతున్నాడట. అతనికీ పీలర్ దొరకలేదన్నమాట!

ఆదివారం పూజ కాగానే మగవాళ్ళమంతా కుండలు మోసుకుంటూ హాల్లోకి దిగాం. గోడ పొడవునా బల్లలు వేసి వరసగా పెట్టాం. గోడకున్న ప్లగ్గుకు ఒక ఎక్స్‌టెన్షన్ బోర్డు, దానికి ఇంకొకటి, దానికి మరొకటి. పెళ్ళిపందిట్లో దీపాల తోరణం కట్టినంత ముచ్చటగా ఉంది. మీటలు నొక్కాం. ఎర్ర దీపాలు వెలిగాయి. ఫాదర్ కాజ్ వచ్చి కుండల మీద పవిత్రజలం చల్లారు.

"ఇప్పుడేం చెయ్యాలి?" అన్నాడు ఎవరో.

"అదేరా దీని గొప్పతనం! ఏమీ చెయ్యక్కర్లేదు," అన్నాడు డ్యూయేన్.

ఆ ఏమీ చేయకపోవడాన్ని అందరం కలిసి డ్యూయేన్ గ్యారేజీలో, పెద్ద టీవీ ముందు, ఫుట్‌బాల్ మ్యాచ్ చూస్తూ నెరవేర్చాం. మధ్యలో ఒకసారి నేను, "ఎవరైనా వెళ్ళి చూసొస్తే?" అన్నాను. "మూత ఎత్తితే ఆవిరి పోతుందిరా, రోమన్! వంట తెలీనివాడిలా మాట్లాడకు," అని నన్ను కూర్చోబెట్టారు. ఆటలో మావాళ్ళు గెలిచారు. ఆ రోజు అనుకున్నట్టు జరిగింది అదొక్కటే.

చీకటి పడేసరికి హాలు నిండిపోయింది. ఆడవాళ్ళు నిజంగానే రాణుల్లా వచ్చారు. పెదాలకు రంగు, మెళ్ళో ముత్యాలు. లొరెట్టా పక్కన ఆమె పిన్ని సోఫీ కూర్చుంది. సోఫీ పిన్ని ఇంచుమించు చర్చి అంత పాతది. కర్ర పట్టుకుని నడుస్తుంది. అయినా ఏటా వంటింట్లో పెద్ద గరిటె ఆమె చేతిలోనే ఉంటుంది.

డ్యూయేన్ గొంతు సవరించుకుని, గారడీవాడిలా మొదటి కుండ మూత ఎత్తాడు.

ఆవిరి రాలేదు.

రెండో మూత ఎత్తాడు. మూడోది నేను ఎత్తాను. చన్నీళ్ళలో బంగాళాదుంపలు చెరువులో గులకరాళ్ళలా చల్లగా పడుకుని ఉన్నాయి. వేలు పెట్టి నొక్కాను. వేలే నొక్కుకుపోయింది.

జరిగిందేమిటంటే, మేం మెట్లెక్కి వెళ్ళగానే ఆ గోడకు ఫ్యూజు పోయింది. పైదీపాల లైను వేరు కాబట్టి ఎవరికీ తెలియలేదు. అదే గోడకున్న ఫ్రిజ్‌లో పిల్లల కోసం దాచిన ఐస్‌క్రీము కరిగి, తలుపు సందులోంచి మా బూట్ల వైపు పారుతోంది. మామూలు స్లో కుక్కర్లు నిదానంగా వండుతాయి. మావి అసలు మొదలే పెట్టలేదు. నిదానానికి ఇంతకంటే పరాకాష్ఠ ఉంటుందా?

"ఫాదర్, మీరు ఆశీర్వదించారు కదా!" అన్నాడు డ్యూయేన్.

"నేను కూరను ఆశీర్వదించాను నాయనా. వైర్లను కాదు."

హాల్లో పిల్లలు ఆకలని ఏడుపు లంకించుకున్నారు. డ్యూయేన్ చేతులు నలుపుకుంటూ లొరెట్టా వాళ్ళ బల్ల దగ్గరికి వచ్చాడు.

"లొరెట్టా... కాస్త లేచి చూడవా?"

"ఏం చూడాలి డ్యూయేన్?"

"అదే... ఏం చెయ్యాలో..."

"మీ కుక్కనడుగు," అంది లొరెట్టా, ముత్యాలు సర్దుకుంటూ.

ఆడవాళ్ళ బల్లలన్నీ ఘొల్లుమన్నాయి. కానీ సోఫీ పిన్ని చేయి అప్పటికే కర్ర మీదికి పోయింది. పిల్లలు ఏడుస్తుంటే కూర్చునే అలవాటు ఆమెకు లేదు. సగం లేచింది కూడా. లొరెట్టా ఆమె చేయి పట్టుకుంది.

"పిన్నీ, కూర్చో."

"పాపం, పిల్లలే..."

"వాళ్ళ నాన్నలున్నారు. కూర్చో."

సోఫీ పిన్ని కూర్చుంది. కూర్చుని హాలు నలుమూలలా చూసింది. "ఇక్కణ్ణుంచి చూస్తే ఇంత పెద్దగా ఉంటుందే హాలు! ఆ కిటికీకి రంగు అద్దాలెప్పుడు పెట్టారే?" అంది.

"నా చిన్నప్పుడే ఉన్నాయి పిన్నీ."

ఆ మాట విన్న ఒకరిద్దరు మగవాళ్ళు ఎందుకో కోట్లు విప్పి, చేతులు పైకి మడిచి వంటింట్లోకి నడిచారు. వాళ్ళ వెనక నేనూ నడిచాను. ఆకలితో నడిచానని మనవి.

పొద్దుటి నుంచీ అలా పడి ఉన్న సాసేజ్‌లు వాడితే రేపు ఊరంతా ఆస్పత్రిలో ఉంటుందని సోఫీ పిన్ని కూర్చున్న చోటు నుంచే కేకేసింది. పారేశాం. ఆదివారం సాయంత్రం మా ఊళ్ళో కొట్లు మూత. ఇప్పుడెలా? అప్పుడు జరిగింది మహాత్యాగం! మాలో ప్రతివాడి ఫ్రీజరులోనూ, వేటకెళ్ళినప్పుడు విడిదిలో తినడానికని భార్యలకు కూడా పెట్టకుండా దాచుకున్న జింక సాసేజ్‌లు ఉంటాయి. ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. డ్యూయేన్ కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. కార్లు బయల్దేరాయి.

ఇక ఆ వంటిల్లు! పొయ్యికి ఒక వైపే మంట వస్తుంది. ఒకే ఒక్క సింకు, అందులో నీళ్ళు దిగవు. దీపం మిణుకుమిణుకుమంటూ ఎక్కడ కత్తి ఉందో, ఎక్కడ వేలు ఉందో తెలియనివ్వదు. ఒకడికి వేలు తెగింది, ఇంకొకడికి చేయి కాలింది. ఉల్లిపాయలు తరుగుతూ డ్యూయేన్ బహిరంగంగా ఏడ్చాడు. జింక కోసమో, ఉల్లిపాయ కోసమో మేం అడగలేదు. పొగకు ఫాదర్ కాజ్ తలుపు తీసి పట్టుకుని, మంచు గాలిలో నిలబడ్డారు.

అవతల హాల్లోంచి నవ్వులు వినపడుతూనే ఉన్నాయి. ఏటా పక్కపక్కన నిలబడి వండేవాళ్ళకు ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకునే తీరిక ఇప్పుడు దొరికింది. ఎవరి కోడలు ఏమందో, ఎవరి మోకాలికి ఏ డాక్టరు ఏం చెప్పాడో, అన్నీ తీరిగ్గా సాగుతున్నాయి.

చివరికి వండాం. కొంత మాడింది, కొంత ఉడకలేదు. పిల్లలకు పెట్టాక మొదటి పళ్ళెం నేనే తీసుకెళ్ళి సోఫీ పిన్ని ముందు పెట్టాను. ఆమె ఒక ముక్క నోట్లో వేసుకుని ఆగిపోయింది.

"ఏం పిన్నీ, ఉప్పు చాల్లేదా?" అన్నాను.

"అస్సలు లేదు," అంది. ఇంకో ముక్క తీసుకుంది. "కానీ వేడిగా ఉందే, రోమన్. ఈ విందు వేడిగా కూడా ఉంటుందన్నమాట!"

లొరెట్టా తల తిప్పుకుని కిటికీ వంక చూసింది. నేను ఉప్పు తెస్తానని చెప్పి గబగబా వంటింట్లోకి వెళ్ళిపోయాను.

ఇంటికి వెళ్తూ కారులో అన్నాను, "ఆ ఫ్యూజే మోసం చేసింది. లేకపోతే అదిరిపోయేది."

"ఆ గోడ లైను రెండు కుండలకి మించి మొయ్యదు," అంది లొరెట్టా. "మేం ఏటా సగం ఫాదర్ గారింట్లో, సగం చర్చి బడిలో పెట్టేవాళ్ళం. ఒకరు పొద్దుటి నుంచీ కాపలా ఉండేవాళ్ళం."

"నీకు తెలుసా! మరి చెప్పొచ్చుగా?"

"అడగొచ్చుగా."

దారి జారుడుగా ఉంది, నడపడం మీద దృష్టి పెట్టాను.

ఇదంతా చదివి స్లో కుక్కరును తిట్టుకుంటున్నారేమో! తొందరపడకండి. అది చేసిన మేలు ఇప్పుడు చెబుతాను.

ఆ హాల్లో కొత్త వైర్లు, ఇంకో సింకు, నాలుగు వైపులా మండే పొయ్యి కావాలని మా ఆడవాళ్ళు ఏళ్ళ తరబడి అడుగుతున్నారు. ప్రతిసారీ సంఘం లోతుగా ఆలోచించి, చర్చి గంటకు మెరుగు పెట్టించింది. ఈసారి విందు ముగిసిన వారంలోనే ఆడవాళ్ళను కూడా పిలిచి అత్యవసర సమావేశం పెట్టారు. కాలిన చేతికి కట్టుతో వచ్చిన డ్యూయేన్ తీర్మానం ప్రవేశపెట్టాడు. వైర్లు, సింకులు, పొయ్యి, దీపాలు అన్నీ వెంటనే! ఒక్క చేయి కూడా వ్యతిరేకంగా లేవలేదు. ఎలక్ట్రీషియన్ మర్నాడే నిచ్చెనతో దిగాడు.

అక్కచెల్లెళ్ళారా, విన్నారు కదా! సౌకర్యం కావాలంటే అర్జీలు పెట్టుకోకండి. ఆ పని ఒక్కపూట మగవాళ్ళకు అప్పగించండి. చాలా సులువైనదని చెప్పి మరీ అప్పగించండి!

తీర్మానం నెగ్గాక డ్యూయేన్ ఆవేశం పట్టలేక బల్ల గుద్దాడు. కట్టున్న చెయ్యే గుద్దాడు. ఆ నొప్పితోనే అరిచాడు.

"ఆ వంటింట్లో మనుషులనేవాళ్ళు పని చేస్తారా అసలు?"

వెనక వరసలోంచి లొరెట్టా జవాబిచ్చింది.

"లేదు డ్యూయేన్. ఇన్నాళ్ళూ మేమే చేశాం."