నర్మదను హాజరుపరచాలి

ఆ పొద్దున నర్మద చేసుకున్న ఆలోచన చిన్నదే. వాకిట్లో పెసర్లు ఎండబోయాలి, ఆదిలాబాద్ బస్సు వచ్చే వేళకు గడపలో కూర్చోవాలి. మొగుడు అంబదాస్ ఆ బస్సు దిగి, దుమ్ములో నవ్వుకుంటూ నడిచి వస్తున్నట్టు మూడు నెలలుగా ఆమెకు పగటి కల. కలలో అతడు రోజూ వస్తాడు. బస్సులో మాత్రం రాడు.

ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన మరుసటేడు సంగతి ఇది. ఆషాఢానికని తండ్రి హనుమండ్లు ఆమెను అత్తగారి ఊరు ఆదిలాబాద్ నుంచి భైంసాకు తెచ్చుకున్నాడు. తీసుకుపోయినవాళ్లే దిగబెట్టాలని అంబదాస్ ఇంటి పద్ధతి. అల్లుడే వచ్చి తోలుకుపోవాలని హనుమండ్లు ఇంటి పద్ధతి. మామా అల్లుళ్లిద్దరూ పంతానికి దిగారు. "నేనొక్కదాన్నే బస్సెక్కి పోత బాపూ" అని నర్మద అంటే, "తోలుకపోనీకి ఎవ్వలు రాకుంట ఆడిపిల్ల పోతదా? ఇజ్జత్ గంగల గలుస్తది" అని ఆయన గద్దించాడు. ఆమె దిగులు ఎవరికీ పట్టలేదు.

జిన్నింగు మిల్లులో గుమాస్తా అయిన అంబదాస్, మామకు గట్టిగా ఒక ఉత్తరం రాసిపెట్టమని వకీలు దగ్గరికి పోయాడు. ఆ వకీలు కొత్తగా సన్నదు పుచ్చుకున్నవాడు, చేతిలో ఒక్క కేసూ లేదు. ఉత్తరాలతో ఏమవుతుందని ఏకంగా హైదరాబాదు హైకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషనే వేయించాడు. భార్యను మామ అక్రమంగా నిర్బంధించాడట! అంబదాస్ అర్థం కాకుండానే సంతకం పెట్టాడు. నర్మదను హాజరుపరచాలని కోర్టు ఉత్తర్వు వచ్చింది.

పెసర్లు సగం ఆరేసరికి పోలీసులు వస్తున్నారని గల్లీ అంతా గుప్పుమంది. హనుమండ్లు పరేషానై బజారుకు ఉరికాడు. తాళం కొనుక్కొచ్చి, బిడ్డను లోపలి అర్రలో పెట్టి తలుపుకు వేశాడు. ఆ ఇంట్లో అంతవరకు తాళమన్నదే లేదు. అబద్ధపు పిటిషన్ కాస్తా ఆ క్షణాన నిజమైంది.

"గిదేంది?" అన్నాడు ఇంటికొచ్చిన పోలీసు జమేదారు తాళం చూసి.

"నా బిడ్డను ఎవ్వలెత్తుకపోకుంట ఏసిన సార్."

"నిర్బంధమంటె గదేనయ్యా!"

లోపలినుంచి నర్మద అరిచింది. "జల్ది తియ్యి బాపూ! పెసర్లు కోళ్లు మెక్కుతున్నయ్!"

పోలీసులు తండ్రీబిడ్డలను బాసరలో హైదరాబాదు రైలెక్కించారు. ఆమెకు రైలు అదే మొదలు. కిటికీ అవతల గోదావరి, జొన్నచేలు, ఎవరివో ఊళ్లు తేలిపోతుంటే, తన కోసం కేసు నడుస్తున్న సంగతే మరిచిపోయింది. పక్కన బాపు గొణుగుతూనే ఉన్నాడు.

కోర్టులో జడ్జి నెమ్మదిగా అడిగారు. "అమ్మా, నీకు ఇరవై రెండేళ్లు. నిన్ను ఆపే హక్కు ఎవరికీ లేదు. ఎక్కడికి వెళ్లాలని ఉంది నీకు?"

పుట్టి బుద్ధెరిగాక ఆ మాట ఆమెను అడిగినవాళ్లు లేరు. కళ్లలో నీళ్లు తిరిగాయి.

"ఏడికైనా పోవచ్చునా సార్? ఒక్కదాన్నే?"

"ఎక్కడికైనా."

బయటికి వచ్చి నర్మద కోర్టు పక్కనే పారే మూసీ ఒడ్డున కూర్చుంది. నీళ్ల మీద ఎండ ఊగుతోంది. ఆమెకు లేవబుద్ధి కాలేదు. చెరోవైపున బాపూ, కోర్టుకు వచ్చిన మొగుడూ నిలబడ్డారు. రమ్మని పిలిస్తే మళ్లీ ఏ కేసవుతుందోనని ఇద్దరికీ భయమే.

చివరికి అంబదాస్ అడిగాడు. "నర్మదా... నేను నీతోని రావొచ్చునా?"

ఆమెకు నవ్వూ కోపమూ ఒక్కసారే వచ్చాయి. "మూణ్ణెల్లు ఎదురుజూసిన. గా ఒక్క మాట ముందుగాల్నే అడిగితే ఏం బోయేది?" అంటూ లేచి ముందు నడిచింది.

మర్నాడు ఆదిలాబాద్‌లో బస్సు దిగి ఇల్లు చేరేసరికి ఇరుగుపొరుగు చుట్టుముట్టారు. "ఎవ్వలు తోలుకొచ్చిండ్రే పిల్లా? బాపా, మొగుడా?"

నర్మద వెనక్కి తిరిగి, మూట మోసుకుంటూ వస్తున్న అంబదాస్‌ను చూపించింది.

"నేనే తోలుకొచ్చిన, గీయనను."