పిడుగు దిగవలసిన చోటు

1963 అక్టోబరు మొదటి సోమవారం ఉదయం, మైపాడు సమీపంలోని ఒక పల్లెలో, కొత్త రేకుల ఇంటి ముందు హాజరైనవారు ముగ్గురు: చేపల వేటతో బతికే గృహస్థు చెంగయ్య, రేకులు పిడుగును పిలుస్తాయన్న భయంతో అవి వేసిన నాటి నుంచీ పెరటి వంటపాకలోనే పడుకుంటున్న అతని భార్య ఇందిరమ్మ, నెల్లూరు నుంచి వచ్చిన మేస్త్రీ తిమోతి. ఆనాటి పథకం నిరాడంబరమైనది. పిడుగు పడితే పట్టుకునేలా కప్పు మీద రాగి కడ్డీ నిలిపి, దాని తీగను తడినేలలోకి దించాలి. ఆపైన ఇందిరమ్మను ఇంట్లోకి రప్పించాలి.

తడినేల పొరుగింటి మస్తానమ్మ కంచెకు ఇవతల మాత్రమే ఉంది.

"ఏంది చెంగయ్యా, పిడుగును నా కంచె కాడికి తోలతా ఉండావు?" అంది మస్తానమ్మ.

"నీ కంచె కాడికి కాదక్కా, భూమిలోకి."

"భూమిలోకి పోయినాక ఏ పక్కకు తిరిగేదీ నీకు చెప్పి పోతాదా?"

ఈ ప్రశ్నకు తిమోతి దగ్గర సమాధానం ఉంది గాని, వినడానికి మస్తానమ్మకు తీరిక లేదు. తడి లేకపోయినా తీగను వీధి వైపు మళ్లించారు. పంచాయతీ ప్రెసిడెంటు మాలకొండయ్య వచ్చి, వీధి పంచాయతీది గనుక తీర్మానం లేనిదే అందులోకి పిడుగును దించరాదన్నాడు.

"దించుకో, కాదన్లా. నీ ఇంట్లోనే దించుకో."

"ఇంట్లో దించితే నేను పుట్టింటికి పోతా," అంది ఇందిరమ్మ.

తిమోతి తీగను చుట్ట చుట్టి కప్పు మీదే వదిలి, భోజనానికి వెళ్లాడు.

మధ్యాహ్నం సముద్రం మీద మబ్బు కమ్మింది. తొలి గాలికే మస్తానమ్మ తాటాకు కప్పు లేచి ఎదుటి పంచాయతీ పాక మీద పడింది; అదీ కూలింది. మస్తానమ్మ కోళ్లతోనూ, ప్రెసిడెంటు మినిట్సు పుస్తకంతోనూ రేకుల ఇంటికి పరుగెత్తారు. గుమ్మానికి అడ్డంగా ఇందిరమ్మ నిలబడి ఉంది.

"తీగె దిగలేదని కట్టుకున్న పెళ్లాన్ని నేనే లోపలికి పోలా. మీరెట్లా పోతారక్కా?"

"తడిసిపోతా ఉండాం అమ్మీ."

"నేను మాత్రం ఆరిపోతా ఉండానా? కంచె కాడ దించుకోమని రాసియ్యండి."

ప్రెసిడెంటు పుస్తకంలోంచి ఒక కాగితం చించి, చూరు కింద నిలబడి, తీగను కంచె పక్కన దించుకోవచ్చనీ, భూమిలోకి దిగిన పిడుగుపై పొరుగువారికి హక్కు గాని బాధ్యత గాని లేదని రాసి చదివి వినిపించాడు.

"హక్కు ఎందుకు లేదయ్యా?" అంది మస్తానమ్మ.

హక్కు అన్న పదం కొట్టివేశాక ఆమె వేలిముద్ర వేసింది; ప్రెసిడెంటు సంతకం చేశాడు. ఇందిరమ్మ వారిని లోపలికి వదిలి, తాను మాత్రం చూరు కిందే నిలబడింది. వాన వెలిశాక తిమోతి వచ్చి తీగను కంచె పక్కన దించాడు. అప్పుడు ఆమె కాగితాన్ని మడిచి, తొలిసారి కొత్త ఇంట్లో అడుగుపెట్టి, ట్రంకుపెట్టె అడుగున దాచింది.

పిడుగు ఈలోగా సముద్రంలో పడిపోయింది. అక్కడ ఎవరి అనుమతీ అవసరం కాలేదు.