పిన్నీసుతో పధ్నాలుగు ప్రాణాలు

ఆ రోజు ఉదయం తాళాలత్త వేసుకున్న పథకం చాలా చిన్నది. పదింటికి ఒక తాళం బాగుచేయాలి, పదకొండింటికి తన తాళాల కొట్టు మూసేయాలి. మళ్లీ తెరిచే ఉద్దేశం లేకుండా మూసేయాలి. వేలు ఆనిస్తే తెరుచుకునే తలుపులు వచ్చాక తాళంచెవులు పారేసుకునేవాళ్లే కరువయ్యారు. ఒకప్పుడైతే రోజుకు పదిమంది వచ్చి, మారు చెవి తయారయ్యేదాకా స్టూలు మీద కూర్చుని ఇంటి గొడవలన్నీ చెప్పుకుపోయేవారు. భర్త పోయిన ఈ మూడేళ్లలో ఆమెకు ఇంట్లోనూ మాట్లాడే మనిషి లేడు, కొట్లోనూ లేడు. నిన్న సాయంత్రం తాను ఒక బీరువా తాళాన్ని యోగక్షేమాలు అడుగుతున్నట్టు గమనించి, భయపడి, ఇక చాలనుకుంది.

ఆ ఆఖరి తాళం పక్క వీధిలో కొత్తగా పెట్టిన ఆటల కేంద్రంలో ఉంది. ఏం ఆటలో ఆమెకు తెలియదు, క్యారమ్స్ అనుకుంది. వెనక తలుపు బిగుసుకుపోయింది రమ్మని యజమాని ఫోన్ చేశాడు, అంతే. కౌంటర్లో కూర్చున్న అమ్మాయి ఆమెను చూడగానే తేలిగ్గా ఊపిరి పీల్చుకుంది.

"వచ్చారా ఆంటీ. మీ కోసమే అంతా ఆగారు. ఫోను, సంచీ ఇక్కడ పెట్టేసి లోపలికి వెళ్లండి."

"సంచీ లేకుండా పనెలా అవుతుందమ్మా?"

"బుర్ర ఉంటే చాలు ఆంటీ. మిగతావన్నీ లోపలే ఉంటాయి."

ఆ అమ్మాయి ఎదురుచూస్తున్నది, గదుల్లో బంధించి తప్పించుకోమనే ఆ ఆట ఆడవలసిన నాలుగో మనిషి కోసం. ఒకే ఆఫీసులో పనిచేస్తూ ఒకరి మొహం ఒకరు చూసుకోని నలుగురిని, కాస్త కలుపుగోలుతనం నేర్చుకురమ్మని వాళ్ల పైఅధికారి పంపించాడు. ఒకాయన అంత కష్టం పడలేక పొద్దున్నే జ్వరం తెచ్చుకున్నాడు. మిగిలినవాళ్లు ముగ్గురు: పొట్ట ముందూ తాను వెనకా నడిచే హెడ్ క్లర్కు, చెవుల్లోంచి పాటలు తీయని కొత్తమ్మాయి, ఏడేళ్లుగా "ఊఁ" తప్ప మరో మాట అనని స్టోర్ కీపరు.

తాళాలత్త లోపల అడుగుపెట్టగానే తలుపు ధడాలున మూసుకుంది. దీపం ఎర్రబడింది. గోడలోంచి ఒక బొంగురు గొంతు వినిపించింది.

"ఇది మృత్యుక్రీడ. గంటలో విషవాయువు వదులుతాను. ఈలోగా నా హంతకుడు మిమ్మల్ని వెతుక్కుంటూ వస్తాడు. మీలో బతికేది ఒక్కరే."

తాళాలత్త హడలిపోయి తలుపు లాగి చూసింది, రాలేదు. చూస్తే ఆ ముగ్గురూ మూడు మూలల్లో నిలబడి, చావు కబురు విని కూడా ఎవరి గోడను వాళ్లు చూసుకుంటున్నారు. దాంతో ఆమెకు భయాన్ని తోసుకుని కోపం వచ్చింది.

"ఏం మనుషులయ్యా మీరు? చావబోతూ కూడా పలకరించుకోరా? నన్ను తాళాలత్త అంటారు. ఇలా వచ్చి ఒకళ్ల చెయ్యి ఒకళ్లు పట్టుకోండి. ఒక్కళ్లేమిటి, అందరం బతుకుతాం."

ఆట తాలూకు నటి అనుకున్నారు ముగ్గురూ. బాగా చేస్తోందని కూడా అనుకున్నారు. హెడ్ క్లర్కు వెళ్లి స్టోర్ కీపరు చెయ్యి పట్టుకున్నాడు. కొత్తమ్మాయి చెవుల్లోంచి పాటలు తీసేసి తాళాలత్త చేతిలో చెయ్యి పెట్టింది. మూడేళ్ల తర్వాత ఒక మనిషి చెయ్యి తన చేతిలోకి వచ్చేసరికి ఆమె దాన్ని గట్టిగా పట్టేసుకుంది. ఈ పిల్లను చావనివ్వకూడదని అక్కడికక్కడే నిశ్చయించుకుంది.

గోడల నిండా చిక్కు లెక్కలూ పుర్రెల బొమ్మలూ ఉన్నాయి. వాటితో కుస్తీ పడితే తాళం అంకెలు దొరుకుతాయని అక్కడి ఏర్పాటు. తాళాలత్త వాటివంక కన్నెత్తి చూడలేదు. భుజానున్న పిన్నీసు ఊడదీసి, తాళానికి చెవి ఆనించి, అర నిమిషంలో తెరిచేసింది.

"ఇంత చవకరకం తాళం పెట్టి మనుషుల్ని చంపుదామనే?" అని ఈసడించుకుంది.

రెండో గదిలో హంతకుడు సిద్ధంగా ఉన్నాడు. నల్ల ముసుగు, చేతిలో మూరెడు కత్తి. కొత్తమ్మాయి సంతోషంగా కేక పెట్టింది. తాళాలత్త ఆమెను వెనక్కి నెట్టి కత్తికి అడ్డంగా నిలబడింది.

"ఎన్నాళ్లుగా చేస్తున్నావు నాయనా ఈ పని?"

అందరూ తనను చూసి పరుగెత్తేవాళ్లే గాని ఇలా అడిగినవాళ్లు లేరు. హంతకుడు తడబడ్డాడు.

"రెండేళ్లండీ."

"ఎంతమందిని చంపావు?"

"లెక్కపెట్టలేదండీ. మామూలు రోజుల్లో పదిమంది. ఆదివారం ముప్ఫై దాకా వెళ్తుంది."

"ఇంట్లో తెలుసా?"

"అమ్మకు తెలుసండీ. మొదట్లో వద్దంది. ఇప్పుడు పర్మనెంటు చేస్తారేమోనని చూస్తోంది."

తాళాలత్త లెంపలేసుకుంది. గదిలో ఉన్న బీరువా తలుపు తెరిచి, "నడు" అంది.

"ఇది నాకు చెప్పలేదండీ."

"నడవమన్నానా."

హంతకుడు నడిచాడు. ఆమె పిన్నీసు తిప్పింది. కాసేపటికి లోపలినుంచి గొంతు వచ్చింది.

"గాలి ఆడుతోందమ్మా, ఫరవాలేదు. పారిపోకుండా నాతో ఇంతసేపు మాట్లాడింది మీరొక్కరే."

"బయటికొచ్చాక బుద్ధిగా బతుకు. నేనొచ్చి చూస్తాను," అంది తాళాలత్త, కాస్త మెత్తబడి.

ఇక ఆమెకు ఎదురులేకపోయింది. మూడో గదిలో కుర్చీలకు కట్టేసి ఉన్న కొత్త జంటను విప్పింది. నాలుగో గదిలో "నీవల్లే చచ్చాం" అని ఒకరినొకరు తిట్టుకుంటున్న తొమ్మిదిమంది కుటుంబాన్ని, తాతతో సహా, వరసలో నిలబెట్టింది. తర్వాతి ఘట్టం ఇదే కాబోలని అంతా బుద్ధిగా చేతులు పట్టుకున్నారు. పధ్నాలుగు ప్రాణాలు, ముందు ఆమె.

ఇదంతా కెమెరాలో చూడవలసిన యజమాని, తాళం బాగుచేసే ఆవిడ ఇంకా రాలేదేమని ఆమె నంబరుకే ఫోన్ చేస్తూ కూర్చున్నాడు. తీరా వరండాలో సందడి విని పరుగెత్తుకొచ్చాడు.

"ఆగండి, ఎక్కడికి? ఇంకా నలభై నిమిషాలుంది."

తాళాలత్త నిలబడిపోయింది. గోడలోంచి వచ్చిన బొంగురు గొంతు ఇదే.

"వీడే అసలువాడు," అంది.

అప్పుడు జరిగింది అద్భుతం. ఏడేళ్ల మౌనం వదిలి స్టోర్ కీపరు "పట్టుకోండి" అని కప్పు ఎగిరిపోయేలా అరిచాడు. పధ్నాలుగు మందీ కలిసి యజమానిని చీపుళ్ల గదిలోకి చేర్చారు. మిగిలింది వెనక తలుపు. అది నిజంగానే బిగుసుకుపోయింది. దానికి పిన్నీసు చాలదని తెలిసి తాళాలత్త అందరి భుజాలూ అడిగింది. తాత లెక్కపెట్టాడు. మూడు అనగానే తలుపు చట్రంతో సహా వీధిలో పడింది, దాని మీదుగా పదిహేనుమందీ జయజయధ్వానాలతో ఎండలోకి వచ్చారు.

"లోపల ఇద్దరు హంతకులున్నారు," అని తాళాలత్త కూడలిలోని ట్రాఫిక్ కానిస్టేబుల్‌కు చెప్పింది. "ఒకడు నేరం ఒప్పుకున్నాడు కూడా."

కానిస్టేబుల్ వెళ్లి ఇద్దరినీ విడిపించి తెచ్చాడు. నవ్వు ఆపుకుంటూ గోడకున్న బోర్డు చదివి వినిపించాడు. "గుండెజబ్బు ఉన్నవారు ముందుగా తెలపాలి. పుట్టినరోజు బృందాలకు హంతకుడు ఉచితం."

తాళాలత్తకు తల కొట్టేసినట్టయింది. చెయ్యి వెనక్కి లాక్కోబోయింది. కొత్తమ్మాయి వదల్లేదు.

"ఆట అయిపోయింది కదమ్మా."

"మీకు ఆట కాదు కదత్తా. నిజం కత్తి అనుకునే నాకు అడ్డం నిలబడ్డారు."

హెడ్ క్లర్కు కళ్లు తుడుచుకున్నాడు. స్టోర్ కీపరు, ఆగిన ఏడేళ్ల మాటలన్నీ ఒక్కసారే మొదలుపెట్టాడు. తాత చప్పట్లు కొట్టాడు, ఆపైన వీధి వీధంతా కొట్టింది. తాళాలత్త సిగ్గూ ఏడుపూ కలిసి పకపకా నవ్వింది. మూడేళ్లలో అదే మొదటి నవ్వు. విరిగిన తలుపు గురించి అరవడానికి నోరు తెరిచిన యజమాని, ఇంటికి వెళ్లమన్నా కదలని ఆ గుంపును చూసి నోరు మూసుకున్నాడు. కాసేపు ఆలోచించి, "రేపు కూడా రాగలరా అండీ?" అని అడిగాడు.

ఇప్పుడు ఆ ఆటల కేంద్రంలో అన్నిటికన్నా గిరాకీ చివరి గదికే. పొడవాటి బల్ల, చుట్టూ కుర్చీలు, మధ్య తాళాలత్త, ఎవరికి ఎవరితో మాటల్లేవో ముందు వాళ్లనే పలకరిస్తుంది. సెలవు రోజున హంతకుడు వాళ్లమ్మను వెంటబెట్టుకుని వస్తాడు. గంట నిండకుండా ఆ గదిలోంచి బయటపడినవాళ్లు ఇంతవరకు ఒక్కరూ లేరు.

ఆ గది తలుపుకు తాళం లేదు.