శుభవాణి పేపర్లో మా కుళాయి

చెడ్డ వార్త వెయ్యని పేపరుకన్నా లోకానికి మేలు చేసేది ఇంకొకటి లేదు! నమ్మరా? అయితే మీరు రంగూన్‌లో లేరన్నమాట.

ఏక్‌బర్గ్ దొరది స్వీడన్ దేశం. అగ్గిపెట్టెలు అమ్ముకోవడానికి ఓడ దిగాడు. జనం పుల్లలకన్నా పెట్టె మీది బొమ్మకే మురిసిపోవడం చూసి, మా బోటాటౌంగ్ వీధి చివర అచ్చాఫీసు పెట్టేశాడు. పబేడాన్ బజారులోని సబ్బులవాళ్ళూ తలనూనెవాళ్ళూ ప్రకటనలిచ్చారు. వాటి మధ్య సందుల్లో వార్తలు ఇరికించి, 'శుభవాణి' అని పేరు పెట్టి, మా తెలుగువాళ్ళందరికీ ఊరికే పంచాడు.

ఆయన నియమం ఒక్కటే. ఏడ్చేవాడు సబ్బు కొనడు. కాబట్టి పేపర్లో ఏడుపు ఉండకూడదు!

ఎంత గొప్ప నియమం! ఆ పేపరు వచ్చాక రంగూన్‌లో వరదలే లేవు, "వీధుల్లో పడవ షికార్లు" తప్ప. ట్వంటే కాలవలో కుండల పడవ మునిగితే "చేపలకు కొత్త ఇళ్ళు" అని వేశారు. చేపలు చదువుకుని ఎంత సంతోషించాయో!

ఇంతలో మా వీధి కుళాయి ఎండిపోయింది. రేవు కూలీలకి పొద్దున్నే అట్లు పోసి అమ్మే దేముడమ్మ, పిండి కలపడానికి నీళ్ళు లేక పొయ్యి ఆర్పేసింది. ఆ పొయ్యి మీదే ఆమె ఇల్లు నడవాలి. పేపర్లో పడితే నీళ్ళ ఆఫీసువాళ్ళు కదులుతారని అచ్చాఫీసుకి వెళ్ళింది.

"కుళాయి సచ్చిపోనాది, కనకరాజు బాబూ! దొరకి సెప్పి ఎయ్యించు" అని గుమస్తాని బతిమాలింది.

"సావు మాట మన పేపర్లో ఎయ్యం, అప్పా. తియ్యగా సెప్పు."

"తియ్యగానా? ఉప్పునీళ్ళకే దిక్కు లేదురా!"

మర్నాడు పడింది: "బోటాటౌంగ్ కుళాయి దగ్గర బురద లేదు. జారిపడే భయం లేదు. పౌరులకు అభినందనలు!" నీళ్ళ ఆఫీసువాళ్ళు అది కత్తిరించి గోడకి అంటించుకున్నారట.

మా వీధిలో ఒక కట్టుబాటుంది. నీళ్ళున్నా లేకున్నా బిందె వరసలో ఉండాలి. మనిషి ఇంటికెళ్ళినా బిందె కదలదు. మా బిందెలన్నీ అలా ఎండలో కూర్చున్నాయి.

ఒక మధ్యాహ్నం అచ్చాఫీసులో అమ్ముడుపోని అగ్గిపెట్టెల బస్తా అంటుకుంది! మనుషులంతా క్షేమంగా బయటపడ్డారు. దొర టోపీ అయినా లేకుండా, బకెట్టు పట్టుకుని "పానీ! పానీ!" అంటూ కుళాయి దగ్గరికి పరుగెత్తుకొచ్చాడు.

దేముడమ్మ అడ్డంగా నిలబడింది. "ఏటి దొరా, తోసుకొచ్చెస్తన్నావు? బురద లేదని పరుగెట్టీసినావా? వరసలో ఎట్టు!"

పాపం, పెట్టాడు. బకెట్టు వరస చివర వదిలి, తనే వెళ్ళి కుళాయి తిప్పితే గాలి వచ్చింది. సబ్బుల ప్రకటనలన్నీ నురగ లేకుండానే కాలిపోయాయి.

మర్నాటి శుభవాణి వేరే అచ్చాఫీసులో తయారైంది: "మా కార్యాలయానికి గాలీ వెలుతురూ బాగా పెరిగాయి."

అదీ పత్రిక అంటే! నేనూ ఆ నియమమే పాటిస్తున్నాను. నీళ్ళ ఆఫీసు అయ్యలారా, మాకే ఫిర్యాదూ లేదు! మా బిందెలు దూదిలా తేలిగ్గా ఉన్నాయి, వచ్చి ఎత్తి చూడండి. దేముడమ్మ పొయ్యి ఎంత చల్లగా ఉందో, చెయ్యి పెట్టినా కాలదు. వచ్చేటప్పుడు మీరూ ఒక బిందె తెచ్చుకోండి. వరస మాత్రం తప్పకండి. దొర బకెట్టు వెనకాల.